అర్చకుల బదిలీని కోర్టులో సవాలు చేస్తే ఏ వాదన నిలుస్తుంది?

తాతల కాలం నుంచి కైంకర్యం చేస్తున్న ఆలయం నుంచి మీ నాన్నగారిని మరో ఆలయానికి బదిలీ చేశారని, హైకోర్టుకు వెళితే ఆగుతుందా అని అడిగారు. వెళ్లండి, కానీ పిటిషన్‌లో వంశపారంపర్యాన్ని ముందు పెట్టకండి. 1987 నాటి దేవాదాయ చట్టం ఆ హక్కును రద్దు చేసింది. నారాయణ దీక్షితులు కేసులో 1996లో సుప్రీంకోర్టు ఆ రద్దును సమర్థించింది. 2007 సవరణ అర్చక కుటుంబాలకు కొంత ఊరట ఇచ్చిన మాట నిజమే గాని, మీ కుటుంబానికి గుర్తింపు ఉత్తర్వు లేనిదే దానిమీద ఆధారపడి లాభం లేదు. పైగా బదిలీ ఉద్యోగంలో భాగమేనని, దురుద్దేశమో నిబంధనల ఉల్లంఘనో ఉంటే తప్ప కోర్టులు కలగజేసుకోరాదని సుప్రీంకోర్టు చెప్పిన 1991 నాటి శిల్పీ బోస్ తీర్పును, 1993 నాటి అబ్బాస్ తీర్పును ప్రభుత్వ న్యాయవాదులు జేబులో పెట్టుకునే వస్తారు.

నిలిచేది ఆగమం వాదనే, అంటే ఆ ఆలయ పూజావిధానాన్ని నిర్దేశించే శాస్త్రం మీద నిలబడే వాదన. వైఖానసం, పాంచరాత్రం అని వైష్ణవాలయాల్లో రెండు వేర్వేరు ఆగమాలున్నాయి. వైఖానస అర్చకుడైన మా అన్నయ్యను ధనుర్మాసం నడుమ పాంచరాత్ర ఆలయానికి బదిలీ చేశారు. ఉత్తర్వులో చూపిన కారణం ‘పరిపాలనా సౌలభ్యం’ అన్న రెండు మాటలే. ఆ మధ్యాహ్నమే గుమాస్తా త్రాసు పట్టుకుని ముఖమండపంలో కూర్చుని, వెండి శఠగోపాన్ని, పంచపాత్రలను, కవచాన్ని ఒక్కొక్కటిగా తూచి రిజిస్టరుతో సరిచూడసాగాడు. ఉత్సవమూర్తి హారంలో ఒక కెంపు తక్కువుందని అతను, అది మా నాన్నగారి హయాంలోనే ఊడి హుండీ లెక్కలో జమైందని అన్నయ్య వాదించుకుంటూ ఉండగా స్వామివారి నివేదన సాయంత్రానికి జరిగింది. పరిపాలనా సౌలభ్యమంటే ఎవరి సౌలభ్యమో ఆ పూట అర్థమైంది.

మా వకీలు వంశం ఊసెత్తలేదు. ఆగమం అనుమతించని వ్యక్తి మూలమూర్తిని తాకితే అది అపచారమని ఆగమాలు చెబుతాయని 1972 నాటి సుప్రీంకోర్టు శేషమ్మాళ్ తీర్పు గుర్తించిన భాగాన్ని చదివి, వైఖానసులకు పుట్టుకతో వచ్చే అధికారం వేరు, పాంచరాత్రంలో దీక్షతో వచ్చే అధికారం వేరు అని విన్నవించారు. పంపుతున్న ఆలయం ఏ ఆగమానిదని న్యాయమూర్తి అడిగితే ప్రభుత్వం తరఫు వారు గడువు కోరారు, బదిలీపై స్టే వచ్చింది. అయితే బదిలీ పూర్తిగా రద్దు కాలేదు. శాఖ తన ఉత్తర్వును సవరించి అదే జిల్లాలోని మరో వైఖానస ఆలయానికి వేయగా, అన్నయ్య వెళ్లి చేరాడు.

నన్నడిగితే ఈ బదిలీల్లో సగానికి మూలం హారతి పళ్లెంలో పడే దక్షిణే. ఆదాయం లేని గుళ్లకు ప్రభుత్వం సాయమిచ్చే ధూప దీప నైవేద్య పథకం కింద బతుకుతున్న పల్లె గుడికి వెళ్లమని ఎవరినైనా పైరవీ చేసి పంపించడం నేనెన్నడూ చూడలేదు. పెద్ద గుళ్లలో చోటు కోసం మాత్రం ఫైళ్లు రాత్రికి రాత్రే కదులుతాయి.

మీ నాన్నగారి నియామక ఉత్తర్వును, ఆయన ఏ ఆగమంలో శిక్షణ పొందారో చూపే పత్రాన్ని, రెండు ఆలయాల ఆగమాలకు సంబంధించిన ఆధారాలను ముందు సంపాదించండి. కమిషనర్‌కు విజ్ఞాపనను రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. అన్నిటికంటే ముఖ్యంగా, ఆయన ఛార్జి అప్పగించకముందే రిట్ పిటిషన్ వేయించండి. రిలీవై కొత్త చోట చేరాక స్టే అడిగితే ఇక ఆపడానికేముందని అడుగుతారు.