కిడ్నీలో సిస్ట్ కనబడితే సీటీ తీయించాలా? మా నాన్నగారి విషయంలో జరిగినది

మీ అమ్మగారికి 58 ఏళ్ళని, కడుపునొప్పికి తీయించిన అల్ట్రాసౌండ్‌లో కుడి కిడ్నీలో 3.5 సెంటీమీటర్ల సిస్ట్ (నీటి తిత్తి) కనబడిందని, ఇప్పుడు సీటీ తీయించాలా, అది క్యాన్సర్ అయ్యే అవకాశం ఉందా అని మీరు అడిగారు. నేను వైద్యుణ్ణి కాను, బ్యాంకు ఉద్యోగిని. అయితే మా నాన్నగారి కిడ్నీలోని ఒక నీటి తిత్తి కోసం 2021 నుంచి స్కానింగు సెంటర్ల చుట్టూ తిరుగుతున్నాను. ఆ తిరుగుడులో నాకు స్థిరపడిన అభిప్రాయం ఒక్కటే: సీటీ తీయించాలా వద్దా అన్నదానికంటే, తీయిస్తే దాన్ని ఏ పద్ధతిలో తీశారన్నది చాలా ముఖ్యం. సరిగా తీయని సీటీ వల్ల మా నాన్నగారు ఒక మంచి కిడ్నీని పోగొట్టుకునే పరిస్థితి వచ్చింది.

మాది శ్రీకాకుళం జిల్లా, ఉద్దానం ప్రాంతంలోని కవిటి మండలం. కొబ్బరి, జీడిమామిడి తోటల మధ్య ఉన్న ఆ ఊళ్ళలో ‘కిడ్నీ’ అన్న మాట ఎంత భయం పుట్టిస్తుందో బయటివారికి చెప్పడం కష్టం. మా పెద్దనాన్నగారు డయాలసిస్ మీదే కన్నుమూశారు. అందుకే 2021 కార్తీక మాసంలో, అప్పటికి 63 ఏళ్ళున్న నాన్నగారికి నడుమునొప్పి అని సోంపేటలో స్కానింగు తీయించినప్పుడు, ఎడమ కిడ్నీ కింది భాగంలో 4.2 సెంటీమీటర్ల సిస్ట్ ఉందన్న కబురు సాయంత్రానికల్లా వీధంతా పాకింది. నాన్నగారు ఉపాధ్యాయుడిగా పనిచేసి విరమించినవారు. ఆయన దగ్గర చదువుకున్నవారే ఇంటికి వచ్చి, ‘మీ ఇంటికి కూడా వచ్చీసిందా మాస్టారూ’ అని కన్నీళ్ళు పెట్టుకున్నారు. అమ్మ ఆ రాత్రి నుంచే ఆయనకు ఉప్పు లేని కూర వండడం మొదలుపెట్టింది.

మా ప్రాంతంలో ఎందరినో పట్టిన కిడ్నీ జబ్బుకీ, అంటే ఉద్దానం వ్యాధికీ, సిస్ట్‌కూ సంబంధం లేదని మాకు ఆనాడు ఎవరూ చెప్పలేదు. ఉద్దానంలో పాడయ్యేది కిడ్నీ లోపలి కణజాలం. అది మెల్లగా పాడవుతూ, రక్తంలో క్రియాటినిన్ అనే వ్యర్థం పెరిగి, చివరికి కిడ్నీ చిన్నదై కుంచించుకుపోతుంది. తొలి దశలో అల్ట్రాసౌండ్‌లో ఏమీ కనబడకపోవచ్చు, రక్తపరీక్షలోనే బయటపడుతుంది. సిస్ట్ అంటే కిడ్నీలో ఏర్పడిన నీటి సంచి. యాభై దాటినవారిలో ఇది చాలా సాధారణం, ఎక్కువమందికి ఏ బాధా ఉండదు. నాన్నగారి క్రియాటినిన్ 1.1 మాత్రమే, అంటే మామూలే. సోంపేటలో నివేదిక చేతికిచ్చేటప్పుడు ఈ రెండు వాక్యాలు చెప్పి ఉంటే మా అమ్మ అన్ని రాత్రులు నిద్ర లేకుండా గడిపేది కాదు. స్కానింగు చేసినవారు రోగితో రెండు నిమిషాలు మాట్లాడకపోవడం మన ఊళ్ళలో ఒక అలవాటుగా మారిపోయింది, దీన్ని నేను ఎప్పటికీ ఒప్పుకోలేను.

ఆ అల్ట్రాసౌండ్ నివేదికలో ‘సిస్ట్ లోపల పల్చని అడ్డుగోడలు, కొంత మడ్డి’ అని రాసి, సీటీ సూచించారు. సూచన సరైనదే. మేము సోంపేట స్టేషన్‌లో రైలెక్కి విశాఖపట్నం వెళ్ళి, ఒక స్కానింగు సెంటర్లో కాంట్రాస్ట్ సీటీ (రక్తంలోకి మందు ఎక్కించి తీసేది) తీయించాము. చేతికి ఇంజెక్షన్ ఇచ్చి, ఒకే విడత తీసి పంపేశారు. మరునాటి నివేదికలో సిస్ట్ లోపలి సాంద్రత 51 యూనిట్లని, గడ్డ (కణితి) అయి ఉండవచ్చని ఉంది. దాన్ని చూసిన శస్త్రవైద్యుడు ఎడమ కిడ్నీ తీసేయడం మంచిదని, ఆలస్యం చేయవద్దని చెప్పి తేదీ కూడా ఇచ్చారు. ఫిల్ములు వెలుతురుకు ఎత్తి చూడడమైనా జరగలేదు, కాగితం చదివే ఆ మాట చెప్పారు.

మా బ్యాంకులో నాతో పనిచేసే ఒకరి బంధువు పెద్ద వయసున్న రేడియాలజిస్టు మేడమ్. శస్త్రచికిత్సకు నాలుగు రోజుల ముందు సీడీ తీసుకుని ఆవిడ దగ్గరికి వెళ్ళాను. కంప్యూటర్‌లో బొమ్మలు ఒక్కొక్కటీ జరుపుతూ పోయి, ఆగి, ‘ప్లెయిన్ ఏదండీ?’ అని అడిగారు. నాకు ఆ ప్రశ్నే అర్థం కాలేదు. అప్పుడు ఆవిడ ఒక కాగితం మీద గీసి వివరంగా చెప్పారు. సీటీలో సాంద్రతను కొలిచే కొలమానానికి ఆ యంత్రాన్ని రూపొందించిన ఆంగ్ల ఇంజనీరు గాడ్‌ఫ్రీ హౌన్స్‌ఫీల్డ్ పేరు పెట్టారు. ఆయనకు 1979లో నోబెల్ బహుమతి వచ్చింది. ఆ లెక్కలో నీరు సున్నా, గాలి మైనస్ వెయ్యి. మామూలు నీటి తిత్తి ఇరవై యూనిట్లలోపే ఉంటుంది. అయితే తిత్తిలో ఎప్పుడో కొంత రక్తం చేరినా, మాంసకృత్తులతో ద్రవం చిక్కబడినా, అది గడ్డ కాకపోయినా ఆ అంకె పెరుగుతుంది. గడ్డకైతే రక్తనాళాలు ఉంటాయి కనుక ఇంజెక్షన్ మందును పీల్చుకుంటుంది, తిత్తిలోని ద్రవం పీల్చుకోదు. అందుకే ముందు మందు లేకుండా ఒకసారి (దీన్నే ప్లెయిన్ అంటారు), మందు ఇచ్చాక మరొకసారి తీసి, ఒకే చోట రెండు అంకెలూ పోల్చాలి. తేడా 20 యూనిట్లో అంతకంటే ఎక్కువో ఉంటే పీల్చుకున్నట్టు లెక్క. పదికీ ఇరవైకీ మధ్య ఉంటే అనుమానం తీరదు, ఎమ్మారై చూడాలి. ‘మీ నాన్నగారిది మందు తాగి 51 అయిందా, మొదటినుంచీ అంతేనా అన్నది ఈ సీడీ చెప్పలేదు’ అన్నారు ఆవిడ.

మరునాడే ఆవిడ దగ్గర మళ్ళీ తీయించాము. మందు లేకుండా 46, మందు ఇచ్చాక 50. నాలుగు యూనిట్ల తేడాకు అర్థం లేదు. ఆ తిత్తిలో ఉన్నది చిక్కబడిన ద్రవమే. ముందు తీసిన సెంటర్లో మొదట ఒక్క నిమిషం మందు లేకుండా తీసి ఉంటే, మా ఇంట్లో ఆ పదిహేను రోజుల దుఃఖం ఉండేది కాదు. సమయం కలిసివస్తుందనో మరెందుకో ఆ మొదటి విడతను వదిలేయడం కిడ్నీ తిత్తి విషయంలో క్షమించరాని లోపమని నా గట్టి అభిప్రాయం.

అయితే అంతటితో వదిలేయలేదు. అల్ట్రాసౌండ్‌లో కనబడిన అడ్డుగోడలు సీటీలో అన్నీ కనబడకపోవచ్చని, వాటిని లెక్కపెట్టడానికి ఎమ్మారై మేలని మేడమ్ చెప్పారు. ఎమ్మారైలో నాలుగుకంటే ఎక్కువ పల్చని గోడలు తేలాయి, బొడిపెలు మాత్రం లేవు. నివేదిక చివర ‘బోస్నియాక్ 2ఎఫ్’ అని రాశారు. న్యూయార్క్ రేడియాలజిస్టు మోర్టన్ బోస్నియాక్ 1986లో ప్రతిపాదించిన కిడ్నీ తిత్తుల వర్గీకరణ అది. తరువాతి కాలంలో సవరణలు జరిగి, 2019లో ఎమ్మారైకి కూడా లక్షణాలు చేర్చారు. ఒకటి, రెండు తరగతులవి నిరపాయమైనవి, వాటిని మళ్ళీ మళ్ళీ చూడనవసరం లేదు. మూడో తరగతిలో దాదాపు సగం, నాలుగో తరగతిలో అత్యధిక భాగం క్యాన్సర్లుగా తేలుతాయి. రెండుకీ మూడుకీ మధ్యనున్న 2ఎఫ్‌లో ఎక్కువభాగం హాని లేనివే, కాని కొన్నాళ్ళు కనిపెట్టి ఉండాలి: ఆరు నెలలకు, ఏడాదికి, ఆపైన ఏడాదికొకసారి, మొత్తం ఐదేళ్ళు. సిస్ట్ అన్న మాట రాసి ఈ తరగతి రాయకుండా వదిలేసిన సీటీ నివేదికను నేను సగం నివేదికగానే చూస్తాను, మీరు కూడా అడిగి రాయించుకోండి.

పాత బొమ్మలు దాచడం గురించి కూడా చెప్పాలి. 2023లో వేరే సెంటర్లో తీయిస్తే తిత్తి 4.6 అని వచ్చి, పెరిగిందని మళ్ళీ కలవరపడ్డాము. మేడమ్ పాత సీడీ, కొత్త సీడీ పక్కపక్కన పెట్టి, ఒకే దిశలో కొలిస్తే అది 4.3 మాత్రమే. నిరపాయమైన తిత్తులు కూడా మెల్లగా పెరుగుతాయని, పరిమాణం కన్నా గోడ దళసరి కావడం, కొత్త బొడిపె రావడం చూడాలని ఆవిడ మాట. చాలా సెంటర్లు అడిగితే తప్ప సీడీ ఇవ్వవు, ఆసుపత్రులు ఫిల్ములు తమ దగ్గరే ఉంచేసుకుంటాయి. రోగి సొమ్ముతో తీసిన బొమ్మలు రోగి చేతిలో ఉండడమే న్యాయం. మరొక మాట, సిస్ట్ కరగడానికి కొండపిండాకు రసమనీ, బార్లీ నీళ్ళనీ బంధువులు చెబుతారు. కిడ్నీలో రాళ్ళకు చెప్పే చిట్కాలను వారు తిత్తికి కూడా అంటగడుతున్నారు, ఆ మాటలు విని డాక్టరు చూపు ఆలస్యం చేయవద్దు.

ఇక మీ అమ్మగారి సంగతి. అల్ట్రాసౌండ్ నివేదికలో మూడు విషయాలు వెతకండి: తిత్తి లోపల పూర్తిగా నల్లగా ఉందా, గోడ పల్చగా నునుపుగా ఉందా, తిత్తి వెనుక భాగం మరింత ప్రకాశంగా ఉందా. మూడూ ఉంటే అది సాధారణ తిత్తి. అప్పుడు 3.5 సెంటీమీటర్లున్నా సీటీ అవసరం లేదు, నొప్పికి కారణం వేరే చోట వెతకాలి. అడ్డుగోడలు, సున్నపు మచ్చలు, లోపల మడ్డి, మందపాటి గోడ అని ఉన్నా, గ్యాస్ అడ్డుపడి సరిగా కనబడలేదని రాసినా, డాక్టరుగారినడిగి సీటీకి వెళ్ళండి. వెళ్ళేముందు క్రియాటినిన్ చూపించుకోండి, కాంట్రాస్ట్ ఇవ్వవచ్చో లేదో దానిని బట్టే నిర్ణయిస్తారు. బల్ల ఎక్కకముందే, ప్లెయిన్ కూడా తీస్తున్నారా అని టెక్నీషియన్‌ను స్పష్టంగా అడగండి. రెండు కిడ్నీల్లోనూ అనేక తిత్తులు ఉండి, కుటుంబంలో ఇంకెవరికైనా అలాగే ఉంటే అది వంశపారంపర్య వ్యాధి కావచ్చు, మీరు రాసిన ఒక్క తిత్తికి ఆ మాట వర్తించదు.

నాన్నగారికి 2024 నవంబరులో తీసిన ఎమ్మారైలో గోడలు మారలేదు, బొడిపెలు రాలేదు. అప్పటికి ఐదేళ్ళు పూర్తికావడానికి ఇంకా రెండుసార్లు చూపించాల్సి ఉంది. ఆయన ఎడమ కిడ్నీ ఆయన దగ్గరే ఉంది, మా అమ్మ మళ్ళీ ఉప్పు వేసి వండుతోంది.