గుడి కో కేర్‌లో, దుర్యోధనుడు నోమ్ పెన్‌లో

ప్రశ్న: "కంబోడియాలోని సియెం రీప్‌లో నాలుగు రోజులుంటాం. అమ్మానాన్నలు కూడా వస్తున్నారు. కో కేర్, బెంగ్ మీలియా లాంటి దూరపు ఖ్మేర్ (కంబోడియావాళ్ళ జాతి, భాష పేరు) గుళ్ళకి ప్రైవేటు కారు మాట్లాడుకుని ఒక్కరోజులో వెళ్ళిరావడం దండగా? అంకోర్ వాట్ చూస్తే చాలదా?"

వెళ్ళండి. అంకోర్ వాట్ సూర్యోదయం మానుకునైనా వెళ్ళండి. ఆ సూర్యోదయమంటే తెల్లారుజామున నాలుగింటికి లేచి, చెరువు గట్టున వెయ్యి సెల్ ఫోన్ల వెనకాల నిలబడి, ముందున్నవాడి మోచేతి సందులోంచి గోపురం చూడ్డం. మేమది చూడలేదు కదా, ఎలా చెప్తున్నావని అడక్కండి. చూసొచ్చినవాళ్ళ ఫోటోలు చూశాను, చాలు.

2024 ఫిబ్రవరిలో నేను, మావారు, ఆయన అక్కగారు, అంటే మా వదిన, వైజాగ్ నుంచి వెళ్ళాం. వదినకి అరవై నాలుగు. మోకాళ్ళ నొప్పులున్నాయి గానీ గుడి అంటే అవి మాయమవుతాయి. మీ అమ్మానాన్నల సంగతి అడిగారు కాబట్టి ఈ మాట ముందే చెప్పేస్తున్నాను.

కారు గురించి ఒక్క ముక్క. మాకు బండి కుదిర్చిన ఏజెంటు "కారు, గైడు, టికెట్లు, అన్నీ ఇందులోనే" అన్నాడు. తీరా ముందురోజు సాయంత్రం తేలిందేమిటంటే, ఆయన లెక్కలో గైడంటే డ్రైవరే. డ్రైవరు మంచి కుర్రాడే. కానీ అతను గుడి గుమ్మం దగ్గర దింపి చెట్టుకింద ఉయ్యాల కట్టుకుని పడుకుంటాడు. అది అతని తప్పు కాదు. అక్కడ గైడంటే ప్రభుత్వ లైసెన్సు, యూనిఫారం ఉన్న మనిషి. ఆ రాత్రికి రాత్రి వేరే యాభై డాలర్లకి గైడుని మాట్లాడుకున్నాం. కారుకి తొంభై, గైడుకి యాభై. మావారు రాత్రంతా రూపాయల్లోకి మార్చుకుంటూ కూర్చున్నారు. నన్నడిగితే, డబ్బు తక్కువైతే పెద్ద కారు మాని చిన్న కారు తీసుకోండి గానీ గైడుని మాత్రం మానకండి. రాళ్ళు మాట్లాడతాయని కవులంటారు, కో కేర్ రాళ్ళు మాత్రం ఖ్మేర్ తెలిసిన మనిషి పక్కన లేకపోతే నోరు విప్పవు.

ఆ గైడే ఫోన్‌లో మొదట అడిగిన మాట, "అంకోర్ పాసులో ఇంకో రోజు మిగిలుందా?" అని. అంకోర్ గుళ్ళకి రోజుల లెక్కన ఇచ్చే టికెట్ అది. బెంగ్ మీలియాకి అక్కడే ఐదు డాలర్ల టికెట్ కొనుక్కోవచ్చని మా ఏజెంటు చెప్పాడు. అది పాత కథట. 2020 నుంచి బెంగ్ మీలియా అంకోర్ పాసులోకే వచ్చేసింది. మా మూడు రోజుల పాసు, అంటే మనిషికి 62 డాలర్లది, అందులో చివరి రోజు సూర్యోదయం కోసం దాచుకున్నాం. అది కాస్తా ఇక్కడ పోయింది. కో కేర్‌కి మాత్రం విడిగా 15 డాలర్లు కట్టాలి. మేం వెళ్ళినప్పటి రేట్లివి, వెళ్ళేముందు మీరు కనుక్కోండి.

పొద్దున్న ఆరున్నరకి బయల్దేరాం. డామ్‌డెక్ వైపు వెళ్ళే ఆరో నంబరు రోడ్డు పక్కన వెదురు గొట్టాలు పేర్చుకుని కాలుస్తుంటారు. లోపల కొబ్బరిపాలతో ఉడికిన జిగురు బియ్యం, బొబ్బర్ల లాంటి గింజలు. దాన్ని క్రలాన్ అంటారు. అరకులో బొంగు చికెన్ తిన్నవాళ్ళకి గొట్టం చూడగానే నోరూరుతుంది. వదిన ముందు "లోపల చేప ఉందేమో" అని నాలుగుసార్లు అడిగించింది. లేదని తేలాక రెండు గొట్టాలు ఒలుచుకుని తినేసింది. మేం మోసుకెళ్ళిన పులిహోర, జంతికలు సాయంత్రం డ్రైవరు కుర్రాడికి దక్కాయి. అతనికి జంతికలు ఎంత నచ్చాయంటే వదినని "యేయ్, యేయ్" అని పిలవడం మొదలుపెట్టాడు. యేయ్ అంటే ఏమిటని గైడుని అడిగితే, నాయనమ్మ అన్నాడు. అక్కడ మర్యాద అదేనట. నన్ను మాత్రం మీంగ్ అన్నాడు, అంటే పిన్ని. వదిన ఆ తర్వాత గంటసేపు ఎవరితోనూ మాట్లాడలేదు.

ఇంకో విన్నపం, ఆడవాళ్ళకి. బాత్రూములు టికెట్ల దగ్గర, హోటళ్ళ దగ్గర ఉంటాయి. దొరికిన చోటల్లా వెళ్ళిపోండి. కో కేర్‌లో గుడికీ గుడికీ మధ్య అంతా అడవే. వదిన మెల్లగా పొదల వైపు తిరిగేసరికి గైడు ఒక్క అరుపు అరిచాడు. యుద్ధం రోజుల్లో పాతిన మందుపాతరల బెడద ఉన్న జిల్లా అది. గుళ్ళ చుట్టూ తీసేశారు, దారులన్నీ క్షేమమే. కానీ దారి దిగొద్దన్నది అక్కడ పిల్లలకి కూడా తెలిసిన మాట. ఆ అరుపు తర్వాత వదిన మళ్ళీ టికెట్ల దగ్గరికి వచ్చేదాకా ఓర్చుకుంది.

బెంగ్ మీలియా గురించి ఎక్కువ రాయను. పన్నెండో శతాబ్దం, అంకోర్ వాట్ పోలికే, బాగుచెయ్యకుండా కూలింది కూలినట్టే వదిలేశారు. చెక్క వంతెనల మీద నడుస్తూ చూడాలి. గోడ మీంచి దిగిన చెట్టువేళ్ళు, నాచు పట్టిన రాతి గుట్టలు. ఫోటోలకి బ్రహ్మాండం. పది గంటలకల్లా బస్సుల్లో జనం దిగిపోయారు, మేం బయటపడ్డాం.

అసలు తప్పు ఇక్కడే చేశాం. అందరూ దారిలో ముందొస్తుందని బెంగ్ మీలియా ముందు చూపించి, మిట్టమధ్యాహ్నం కో కేర్‌కి తీసుకెళ్తారు. మీరు తిరగేసి చెప్పండి. సియెం రీప్ నుంచి తిన్నగా 120 కిలోమీటర్లు కో కేర్‌కి వెళ్ళి, వచ్చేటప్పుడు బెంగ్ మీలియా చూడండి. కో కేర్‌లో ఏడంతస్తుల పిరమిడ్ లాంటి శివుడి గుడి ఉంది, దాదాపు 36 మీటర్లు. పక్కన చెక్కమెట్లు కట్టారు. పన్నెండింటికి ఆ మెట్లెక్కుతుంటే మావారు మూడో మలుపులో "నేను కింద కొబ్బరిబొండాం దగ్గరుంటా" అని దిగిపోయారు. వదిన మాత్రం రైలింగు పట్టుకుని, మెట్టుమెట్టుకీ శివశివా అనుకుంటూ ఎక్కేసింది.

పైకెక్కి చూస్తే లింగం లేదు.

దీనికి కాస్త వెనక్కి వెళ్ళాలి. నాలుగో జయవర్మన్ అనే రాజు అంకోర్‌ని కాదని ఇక్కడ ఊరు కట్టాడు. 928 నుంచి 944 దాకా సామ్రాజ్యానికి రాజధాని ఇదే. పదహారేళ్ళంతే! ఆ కొద్దికాలంలోనే అడవి నిండా గుళ్ళు కట్టేశారు. తర్వాత రాజేంద్రవర్మన్ రాజధానిని మళ్ళీ అంకోర్‌కి తీసుకుపోయాడు. 2023లో యునెస్కో కో కేర్‌ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఆ పిరమిడ్ మీద ఉన్న శివుడి పేరు త్రిభువనేశ్వరుడని శాసనాలున్నాయి. ఇప్పుడక్కడ విరిగిన రాళ్ళు, కంచె, చుట్టూ కనుచూపుమేర అడవి. వదిన చెప్పులు విప్పి, ఎవరూ లేని ఆ చోటికి దణ్ణం పెట్టుకుంది. పక్కనున్న విదేశీ జంట మాత్రం సెల్ఫీ తీసుకుంది.

ఆవిడ కడుపు నిండింది కిందకి దిగాక, చిన్న చిన్న గుళ్ళలో. పానవట్టంతో సహా నిలువెత్తు లింగాలు ఇంకా ఉన్నచోటే ఉన్నాయి, వదిన కంటే ఎత్తు. "సామర్లకోట భీమేశ్వరుడి తమ్ముడిలా ఉన్నాడే" అంది. ఆ మాట నాకూ బాగుంది. రెండంతస్తుల లింగానికి మేడెక్కి అభిషేకం చూసినవాళ్ళకి కో కేర్ కొత్తగా అనిపించదు. గుమ్మం రాయి మీద శాసనం చూసి తలకట్టులున్నాయంది. నేను నవ్వాను గానీ, గైడు నవ్వలేదు. ఇప్పటి ఖ్మేర్ అక్షరాల నెత్తిన కూడా మన తలకట్టు లాంటి కొక్కెం ఒకటుంటుందట, దాన్ని సక్ అంటారట. సక్ అంటే జుట్టు. వాళ్ళ లిపి పల్లవుల లిపి నుంచి వచ్చింది. అక్కణ్ణుంచి వదిన ఆగలేదు. ప్రసాత్ అంటే ప్రాసాదం, విహియర్ అంటే విహారం, అంకోర్ అంటే నగరం, "ఇదంతా తెలుగే అమ్మాయ్." సంస్కృతం వదినా అంటే, "ఏదైనా మనదే" అని తేల్చేసింది. ఆ "మనదే" అన్నదానితో నాకు కొంచెం పేచీ ఉంది. కట్టింది వాళ్ళు, రాళ్ళు మోసింది వాళ్ళు, పాతరల మధ్య బతికింది వాళ్ళు. కానీ వదినతో వాదన ఎవరు పెట్టుకుంటారు!

ఇక నేను ఈ జవాబు రాయడానికి అసలు కారణం ప్రసాత్ చెన్ అనే గుడి. కో కేర్‌లోనే ఉంది, బస్సులవాళ్ళు ఎక్కువగా ఆపరు. కూలిన గోడలు, ఎండుటాకులు, మేం ముగ్గురం, గైడు. చూడ్డానికి ఏమీ లేదు. మావారు గడియారం చూసుకున్నారు. అప్పుడు గైడు సంచిలోంచి లామినేషన్ చేసిన ఫోటో తీశాడు. రాతి పీఠం, దానిమీద రెండు పాదాలు. చీలమండల దగ్గర తెగిపోయాయి. పాదాలే ఉన్నాయి, మనిషి లేడు.

"ఎవరివి?" అంది వదిన.

"దుర్యోధన," అన్నాడు గైడు. ఆ పేరు అతని నోట వినగానే వదిన నా చెయ్యి పట్టుకుంది.

ఆ గోపురం లోపల గదాయుద్ధం జరుగుతూ ఉండేదట. ఓ పక్క భీముడు, ఎదురుగా దుర్యోధనుడు, చుట్టూ చూస్తున్న బలరాముడు, పాండవులు. గోడ మీద చెక్కిన బొమ్మలు కావు, నేలమీద విడివిడిగా, మనిషి సైజులో నిలబెట్టిన విగ్రహాలు. గుళ్ళోకి వెళ్ళేవాడు వాళ్ళ మధ్యకే వెళ్ళేవాడన్నమాట. 1970ల్లో అంతర్యుద్ధం రోజుల్లో దొంగలు వాటిని చీలమండల దగ్గర నరికి సరిహద్దు దాటించేశారు. భీముడు కాలిఫోర్నియాలోని నార్టన్ సైమన్ మ్యూజియంలో తేలాడు. దుర్యోధనుడు 2011లో న్యూయార్క్‌లో సోథిబీస్ వేలానికి వచ్చాడు, ఇరవై నుంచి ముప్పై లక్షల డాలర్ల అంచనాతో. ఇక్కడ మిగిలిన పాదాలే సాక్ష్యం చెప్పాయి, విగ్రహం ఆ పీఠం మీదదేనని. కేసు నడిచింది. 2014లో ఇద్దరూ ఇంటికొచ్చారు, ఒకరి వెనక ఒకరు.

మనూళ్ళలో దుర్యోధనుడి ఏకపాత్ర వెయ్యని వార్షికోత్సవం ఉందా? మా పెదనాన్న అట్టకిరీటం పెట్టుకుని తొడ కొడుతుంటే పెరిగినదాన్ని నేను. ఆ తొడ విరగ్గొట్టేవరకే మనకి కథ తెలుసు. ఇక్కడ పాదాలే తెంపేశారు. వదిన ఫోటో చేతిలోకి తీసుకుని చాలాసేపు చూసి, "ఓడిపోయినవాడికి కూడా గుళ్ళో చోటిచ్చారు చూశావా, వాణ్ణి కూడా ఉండనివ్వలేదు" అంది. గైడుకి నేను ఇంగ్లీషులో చెప్పాను. అతను ఏమీ అనకుండా ఫోటోని మళ్ళీ జాగ్రత్తగా సంచిలో పెట్టుకున్నాడు.

అందుకే ప్రైవేటు కారు దండగ కాదంటున్నాను. బస్సయితే పిరమిడ్ దగ్గర నలభై నిమిషాలిచ్చి ఎక్కించేస్తారు. ప్రసాత్ చెన్ దగ్గర ఆగి, ఏమీ లేనిచోట అరగంట నిలబడే హక్కు కోసమే ఆ తొంభై డాలర్లు.

ప్రేయా విహియర్ కూడా అదే రోజు కలిపి చూపిస్తామని కొందరంటారు. ఒప్పుకోకండి. కొండ చివర కట్టిన గొప్ప గుడే, 1962లో అంతర్జాతీయ న్యాయస్థానం కంబోడియాదేనని తీర్పిచ్చింది కూడా. కానీ పెద్దవాళ్ళతో ఒక్కరోజులో మూడు చోట్లంటే చూసేది రోడ్డే. పైగా అది థాయ్ సరిహద్దు మీదే ఉంది. 2025 జులైలో, మళ్ళీ డిసెంబరులో అక్కడ రెండు సైన్యాలూ కాల్చుకున్నాయి. ఆ వైపు పరిస్థితి కనుక్కోకుండా ఎవరికీ అడ్వాన్సు ఇవ్వకండి.

డాలర్ నోట్లు కొత్తవి పట్టుకెళ్ళండి. అంచు గోరంత చిరిగినా తీసుకోరు. మా దగ్గర చిరిగిన ఐదు డాలర్ల నోటు ఒకటుంది, కొబ్బరిబొండాల ఆవిడ రెండుచేతులా వెనక్కిచ్చేసింది. ఇక్కడి బ్యాంకులోనూ తీసుకోలేదు.

చివరగా, నాలుగు రోజులన్నారు కదా, దాన్ని ఆరు చేసుకుని రాజధాని నోమ్ పెన్ కూడా వెళ్ళండి. కో కేర్ నుంచి పోయినవాళ్ళు తిరిగొచ్చి ఉంటున్నది అక్కడి నేషనల్ మ్యూజియంలోనే. మేం సియెం రీప్ నుంచే విమానం ఎక్కేశాం. ఆ సంగతి వదినకి విమానంలో చెప్పాను. చెప్పకుండా ఉండాల్సింది. "ఇల్లు చూపించి మనిషిని చూపించకుండా తీసుకొచ్చేశారు" అని ఇప్పటికీ ప్రతి పండక్కీ అంటుంది. వచ్చే జనవరికి టికెట్లు చూడమని మావారికి చెప్పింది. ఈసారి మోకాళ్ళ నొప్పులు ఆయనకి వచ్చాయి.