కథలో కుక్కని పెట్టేముందు గాలి ఎటు వీస్తోందో చూసుకో

విజయనగరం నుంచి

తమ్ముడూ,

నీ కథ రెండుసార్లు చదివాను. శ్రీకాకుళం తీరంలో భావనపాడు ఒడ్డున పేట, గుజరాత్‌లోని వెరావల్ బోట్ల మీదికి పనికెళ్లి ఏడాదిన్నర తర్వాత సంక్రాంతికి ఇల్లు చేరిన సూరి, అతన్ని అందరికంటే ముందు గుర్తుపట్టిన కుక్క రాణి. వలస సంగతి నీకు బాగా తెలుసు. అడ్వాన్సు పుచ్చుకున్న నాటి నుంచి ఇంట్లో మొదలయ్యే లెక్కలు, గుజరాత్ నుంచి ఫోనొస్తే పేటంతా మూగడం, ఇవెక్కడా తొణకలేదు. తేలిపోయింది రాణి ఒక్కటే. దానికి నాలుగు కాళ్లూ తోకా ఇచ్చి లోపల మనిషిని కూర్చోబెట్టావు. అది మనలాగే చూస్తోంది, మన మాటలన్నీ అర్థం చేసుకుంటోంది, మనలాగే సిగ్గుపడుతోంది. కుక్కని కుక్కగా రాస్తే చాలు, ఈ కథకి ఇంకేమీ కలపక్కర్లేదు.

ముందు ఆ గుర్తుపట్టే ఘట్టం చూడు. సాయంత్రం పూట ఒడ్డున పడుకున్న రాణి, ఎక్కడో బస్సు దిగిన సూరి ఎర్ర చొక్కా చూసి పరుగెత్తిందని రాశావు. కుక్క కంట్లో రంగు పట్టే కణాలు రెండు రకాలే, మనకి మూడు. నైట్జ్, గైస్ట్, జాకబ్స్ అనే శాస్త్రవేత్తలు 1989లో కుక్కల మీద పరీక్షలు చేసి ఈ సంగతి తేల్చారు. నీలం, పసుపు వాటికి బాగా తెలుస్తాయి. ఎరుపూ ఆకుపచ్చా తేడా లేకుండా మట్టిరంగులోకి దిగిపోతాయి. చూపు కూడా మనంత పదునైంది కాదు. మనం 75 అడుగుల దూరం నుంచి పోల్చుకునేదాన్ని కుక్క సుమారు 20 అడుగుల లోపలికి వస్తేగాని పోల్చుకోలేదు. కదలిక మాత్రం బాగా పట్టుకుంటుంది, మసక వెలుతురులో మనకంటే బాగా చూస్తుంది. కాబట్టి దూరాన ఒక మనిషి కదులుతున్నాడని రాణికి తెలుస్తుంది. ఎవరో తెలియదు. ఎవరో తెలియని మనిషి వస్తుంటే ఊరకుక్క ఏం చేస్తుందో పేటలో పుట్టినవాడివి, నీకు వేరే చెప్పాలా? మొరుగుతుంది.

సూరి ఎవరో చెప్పేది ముక్కు. ఇక్కడే నువ్వు ఎక్కువ కష్టపడాలి. వాసన పట్టే గ్రాహకాల జన్యువుల్లో పనిచేసేవి మనిషికి సుమారు 400 ఉంటే కుక్కకి సుమారు 800. ముక్కులోకి వెళ్లిన గాలి లోపల రెండు దారులవుతుంది. ఎక్కువ భాగం ఊపిరికి పోతుంది, కొంత వెనక ఉన్న వాసన గదిలోకి వెళ్లి కాసేపు నిలుస్తుంది. విడిచే ఊపిరి నాసికా రంధ్రాల పక్కనున్న చీలికల్లోంచి పక్కలకి వెనక్కి పోతుంది కాబట్టి ఎదురుగా ఉన్న వాసన చెదరదు. కుక్క ముక్కు ముందు భాగాన్ని దగ్గరగా చూడు, కామా ఆకారంలో ఉన్న ఆ చీలికలు కనిపిస్తాయి.

నార్వేలో 1993లో అడుగుజాడ పట్టే కుక్కల మీద జరిగిన అధ్యయనం ఒకటుంది. రాసేవాళ్లకి అది చాలా పనికొస్తుంది. జాడ పట్టడంలో మూడు దశలు కనిపించాయి వాళ్లకి. మొదటిది వెతుకులాట, కుక్క చురుగ్గా అటూ ఇటూ తిరుగుతుంది. జాడ తగలగానే నెమ్మదిస్తుంది, మూడు నుంచి ఐదు సెకన్లలో రెండు నుంచి ఐదు అడుగుజాడలు వాసన చూసి మనిషి ఎటు వెళ్లాడో తేల్చుకుంటుంది. అక్కణ్నుంచి మళ్లీ వేగం. వాసన చూస్తున్నంతసేపూ సెకనుకి ఆరుసార్లు గాలి పీల్చింది. నీ నాలుగో పేజీలో రాణి సూరి చెల్లెల్ని వెతికే చోట ఈ నెమ్మదించడం రాయి. చదివేవాడి ఊపిరి ఆగేది అక్కడ. అయితే ఆ వెతుకులాటని మే నెల మిట్టమధ్యాహ్నం పెట్టావు. కుక్కకి చెమట అరికాళ్లలో తప్ప పట్టదు. నోరు తెరిచి రొప్పుతూ ఒళ్లు చల్లబరుచుకోవాలి. రొప్పుతున్న కుక్క వాసన సరిగా పట్టలేదు. పైగా ఎండకి కాలిన ఇసుక మీద వాసన నిలవదు. తెల్లారగట్ల మంచు తడి ఉన్నప్పటికి మార్చు.

ఇక గాలి. మన తీరంలో మధ్యాహ్నం నుంచి సాయంత్రం దాకా సముద్రపు గాలి నేల మీదికి వీస్తుంది. బస్సు దిగి పడమటి నుంచి వచ్చే సూరి వాసన ఒడ్డునున్న రాణికి చేరే దారే లేదు, వెనక్కి కొట్టుకుపోతుంది. అదే తెల్లవారుజామున గాలి తిరుగుతుంది, నేల మీంచి సముద్రం వైపు వీస్తుంది. సూరిని రాత్రి బస్సుకి రప్పించు, చాలు. అప్పుడు ఘట్టం ఇలా నడుస్తుంది.

ఇంకా చీకటి. బోర్లించిన తెప్ప కింద పిల్లలతో పడుకున్న రాణి చెవులు ముందు లేస్తాయి, సరుగుడు తోట పక్కన అడుగుల చప్పుడు. లేచి దారికీ పిల్లలకీ మధ్య నిలబడుతుంది. నోరు మూసుకుంటుంది, బరువు ముందుకాళ్ల మీదికి వస్తుంది, మెడ నుంచి తోక మొదలు దాకా వెన్ను వెంట్రుకలు నిక్కబొడుచుకుంటాయి, గొంతులో గుర్రు. పాలిచ్చే తల్లి మరి, యజమాని అయినా సరే, ఎవరో తెలిసేదాకా ఇంతే. గాలి ఒక విసురు వస్తుంది. ముక్కు పైకెత్తుతుంది, ముక్కుపుటాలు కదులుతాయి. గుర్రు ఆగుతుంది. మళ్లీ మొదలవుతుంది, ఈసారి సన్నగా. డీజిలు, చేపల నీచు, కొత్త సబ్బు పైపైన ఉన్నా ఆ కింద సూరి ఒంటి వాసన ఉంది. రాణి తిన్నగా పరుగెత్తదు, వంపు తిరిగి పక్కనుంచి వస్తుంది. చెవులు వెనక్కి, నడుం దించి, తోక కిందగా వెడల్పుగా ఊపుతూ. ముందు చెయ్యి వాసన చూస్తుంది, తర్వాత కాళ్లు. అప్పుడు కీచుమనే ఏడుపు, ఒళ్లంతా మెలికలు, మూతి నాకడానికి ఎగరడం. ‘ప్రేమ’ అనే మాట ఇందులో ఎక్కడా అక్కర్లేదు.

తోక ఊపిందంటే సంతోషమని ప్రతిచోటా రాస్తున్నావు. బిగుసుకున్న తోకని పైకెత్తి చిన్నగా వేగంగా ఊపే కుక్క కరవడానికి సిద్ధంగా ఉండొచ్చు. ఇటలీలోని బారిలో 2007లో గమనించిన సంగతి ఇంకా సూక్ష్మం. యజమాని కనబడితే తోక కుడివైపుకి ఎక్కువ ఊగింది, పెత్తనం చేసే కొత్త కుక్క కనబడితే ఎడమకి. ఇదంతా కథలో పెట్టమని కాదు. తోక ఎంత ఎత్తున ఉంది, బిగువుగా ఉందా వదులుగా ఉందా, ఈ రెండూ చాలు. పెదవులు నాక్కోవడం, నిద్ర రాకుండా ఆవలించడం, ముఖం పక్కకి తిప్పి కంటి తెల్లగుడ్డు కనబడేలా చూడడం ఇబ్బందికి గుర్తులు. పిల్లలు కరుపు తినేది చాలాసార్లు ఈ గుర్తులు పెద్దవాళ్లు చూడకపోవడం వల్లే.

ఎండుచేప దొంగిలించి ‘తప్పు చేసినట్టు తలొంచుకుంది’ అన్నావు. కుక్కల ప్రవర్తన మీద పరిశోధన చేసే అలెగ్జాండ్రా హోరోవిట్జ్ 2009లో దీన్నే పరీక్షించింది. తిన్న కుక్కా తినని కుక్కా రెండూ తిట్టినప్పుడు ఆ ముఖమే పెట్టాయి. తినకుండానే తిట్లు తిన్నవి ఇంకాస్త ఎక్కువ పెట్టాయి. అంటే అది నీ గొంతుకి, నీ ముఖానికి కుక్క ఇచ్చే జవాబు. శాంతించమని అడగడం. రాణి తలొంచుకోవచ్చు, ‘సూడు, ఎలాగ సిగ్గుపడతందో’ అని సూరి తల్లి అనొచ్చు. కథకుడిగా నువ్వు మాత్రం అనకు.

తెలివి విషయంలో రెండు అతులూ వద్దు. జర్మనీలో రికో అనే కుక్కకి 200 వస్తువుల పేర్లు తెలుసని 2004లో, అమెరికాలో చేజర్ అనే కుక్కకి 1,022 బొమ్మల పేర్లు తెలుసని 2011లో ప్రకటించారు. రెండూ బోర్డర్ కోలీలు, అంటే గొర్రెలు కాసే జాతివి, చేజర్‌కి ఏళ్ల తరబడి రోజూ నేర్పారు. రాణి అలా కాదు. దానికి తన పేరు, ‘రా’, ‘పో’, గిన్నె చప్పుడు, సూరి ఈల తెలుస్తాయి. అప్పు గురించి అత్తాకోడళ్ల మాటలు అర్థమై కన్నీరు పెట్టుకోదు. గొంతు హెచ్చడం తెలుస్తుంది, లేచి మూలకి పోతుంది. అలాగని ఊరకుక్కని తక్కువ చెయ్యకు. కోల్‌కతాలో ఐసర్ అనే సైన్సు విద్యాసంస్థలో అనిందితా భద్ర బృందం ఏ శిక్షణా లేని వీధికుక్కల ముందు రెండు గిన్నెలు పెట్టి ఒకదాని వైపు చెయ్యి చూపించింది. బెదిరి అసలు దగ్గరికి రానివి చాలా ఉన్నాయి. వచ్చినవాటిలో దాదాపు 80 శాతం చెయ్యి చూపిన గిన్నె దగ్గరికే వెళ్లాయి. 2020లో అచ్చయింది ఇది. ఆ బెదురూ ఆ నమ్మకమూ రెండూ ఒకే కుక్కలో రాయగలిగితే రాణి కళ్లముందు నిలబడుతుంది.

చోడి అంబలీ గంజీ తాగి బతికిందన్న వాక్యం ఉంచు. పిండిపదార్థాన్ని అరిగించే జన్యువు ప్రతులు కుక్కలకి తోడేళ్లకంటే చాలా ఎక్కువని 2013లో స్వీడన్ పరిశోధకులు చూపించారు.

పిచ్చికుక్క పేజీ మొత్తం తిరగరాయాలి, ఇందులో తప్పు రాస్తే ప్రాణాల మీదికి వస్తుంది. నీ కథలో సాయంత్రం కరుపు తిన్న కుక్కకి తెల్లారేసరికి పిచ్చెక్కింది. రేబిస్ వైరస్ నరాల వెంట మెదడుకి పాకడానికి వారాలు, ఒక్కోసారి నెలలు పడుతుంది. చెరువు చూసి పారిపోయిందన్నావు. నీటి భయం మనిషికి వచ్చే లక్షణం. పిచ్చికుక్క నీళ్లలో మూతి పెడుతుంది కూడా, గొంతు కండరాలు చచ్చుబడి మింగలేదు. చొంగ కారేది అందుకే, మొరుగు బొంగురుపోయేది అందుకే. కొన్ని రెచ్చిపోయి కర్రనీ రాయినీ కొరుకుతాయి, కొన్ని కింది దవడ వేలాడేసుకుని మూలన పడుంటాయి. ఈ రెండో రకాన్ని చూసి గొంతులో ముల్లు ఇరుక్కుందేమోనని నోట్లో చెయ్యి పెట్టేవాళ్లుంటారు. నీ కథకి అది ఇంకా బలమైన ఘట్టం. లక్షణాలు మొదలైన కుక్క మామూలుగా పది రోజుల్లోపే చచ్చిపోతుంది.

కరుపు మీద సున్నం, కారం రాసి కట్టు కట్టారు, కుర్రాడు బతికాడు అని ముగించావు. అది తీసెయ్. పాత్ర సున్నం తెస్తే తేనీ, ఎవరో ఒకరు ఆపాలి. కారే నీటి కింద సబ్బుతో 15 నిమిషాలు కడగాలి, ఆ రోజే ఆసుపత్రికి వెళ్లాలి. మొదటి సూది వేసిన రోజుని 0 అనుకుంటే, కండకి ఇచ్చే టీకా అయితే 0, 3, 7, 14, 28 రోజుల్లో, చర్మంలో ఇచ్చేదైతే 0, 3, 7, 28 రోజుల్లో. నెత్తురొచ్చిన గాయానికి ఇమ్యునోగ్లోబులిన్, అంటే వైరస్‌ని అడ్డుకునే తయారు యాంటీబాడీల మందు, కూడా వెయ్యాలి. కుక్కని పది రోజులు కనిపెట్టి చూడమంటారు నిజమే, ఆ పది రోజులూ టీకా ఆపమని కాదు. బొడ్డు చుట్టూ 14 సూదులు అని రాశావు. ఆ పాత టీకా మన దేశంలో 2004 చివర్లో ఆగిపోయింది. నీ కథలో చేతిలో స్మార్ట్‌ఫోను ఉంది కాబట్టి అది కుదరదు.

చివరగా కుక్కపిల్లలు. సంక్రాంతి నాటికి నాలుగు రోజుల పిల్లలు సూరిని చూసి తోకలూపాయట. పుట్టినప్పుడు వాటి కళ్లూ చెవులూ మూసుకునే ఉంటాయి. కళ్లు 10 నుంచి 14 రోజులకి తెరుస్తాయి, చెవులు రెండు వారాలు దాటాక. అప్పటిదాకా తల్లి నాకితేగాని ఒంటికి కూడా పోసుకోలేవు. వయసు పెంచితే సరిపోతుంది. చిత్తకార్తెలో, అంటే అక్టోబరు మధ్యలో, పైడితల్లమ్మ సిరిమానోత్సవం రోజుల్లో రాణి ఎదకొచ్చిందనుకో. చూలు 63 రోజులు. డిసెంబరు మూడో వారంలో ఈనుతుంది, భోగి నాటికి పిల్లలకి నాలుగు వారాలు. కళ్లు తెరిచి, తూలుతూ నడుస్తూ, పాలపళ్లు అప్పుడే వస్తూ ఉంటాయి. సూరి వేలు నోట్లో పెట్టుకుంటే సూదిలా గుచ్చుకోవాలి.

ఐదు పిల్లలూ పెరిగి పెద్దవై పేటకి కాపలా కాశాయని ఆఖరి వాక్యం. అదే భద్ర బృందం 95 ఈతల్లో పుట్టిన 364 వీధికుక్క పిల్లల్ని గమనిస్తే ఈడొచ్చేదాకా, అంటే ఏడు నెలల దాకా, బతికినవి 19 శాతమే. ఐదింటిలో ఒకటి. చావుల్లో 63 శాతం మనుషుల వల్లే, బళ్ల కింద పడో, ఎవరో కొట్టో, విషం పెట్టో, ఎత్తుకుపోయో. మిగిలే ఆ ఒక్కటి ఏదో, మిగతా నాలుగూ ఎలా పోయాయో నువ్వు తేల్చుకుని రాయాలి.

తిరగరాసేముందు ఒక్క పొద్దు చేపల వేలం దగ్గర కూర్చుని ఒకే కుక్కని గంటసేపు చూడు. కళ్లలోకి గుచ్చి చూడకు, అది దానికి బెదిరింపు. చెవులు, నోరు, తోక, ఒంటి బరువు ఎటు ఉందో ఇవే రాసుకో, కోపం, భయం అని పేర్లు పెట్టకు. పిచ్చికుక్క పేజీ మాత్రం రాశాక గరివిడి పశువైద్య కళాశాలలో ఎవరికైనా చూపించు. ఉగాదిలోగా రెండో ప్రతి పంపు, పిల్లల పేజీ ముందు చదువుతాను.

ఆశీస్సులతో,
అన్నయ్య