ఆసుపత్రి మానేసిన డాక్టర్ అదే ఊళ్లో బోర్డు పెట్టుకోకూడదా?

ప్రశ్న: నేను ఎముకల డాక్టర్‌ని. కరీంనగర్‌లో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో ఐదేళ్లు పనిచేసి రాజీనామా ఇచ్చాను. సొంత క్లినిక్ పెట్టుకుందామంటే, రెండేళ్లపాటు 15 కిలోమీటర్ల లోపల ప్రాక్టీస్ చేయనని సంతకం పెట్టారు, చేస్తే 20 లక్షలు కట్టాలి అని నోటీసు పంపారు. నా ఒరిజినల్ సర్టిఫికెట్లు కూడా వాళ్ల దగ్గరే ఉన్నాయి. ఏం చేయాలి?

జవాబు: డాక్టర్ గారూ, ముందు ఆ టెన్షన్ పక్కన పెట్టండి. సంతకం పెట్టేశాను కదా, ఇక తప్పదు అనుకుంటున్నట్టున్నారు, కానీ 1872 నాటి కాంట్రాక్టు చట్టం 27వ సెక్షన్ ప్రకారం, చట్టబద్ధమైన వృత్తి చేసుకోకుండా మనిషిని అడ్డుకునే ఒప్పందం ఆ మేరకు చెల్లదు. రెండేళ్లే కదా, 15 కిలోమీటర్లే కదా, సబబుగానే ఉంది అనే వాదన ఉద్యోగం అయిపోయాక మన దగ్గర నిలవదు. క్రికెటర్ జహీర్ ఖాన్ కేసులో 2006లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది: ఒప్పందం గడువు తీరాక కూడా మనిషిని కట్టేసే షరతు చెల్లదని. ప్రాక్టీస్ చేయొద్దన్న షరతే చెల్లనప్పుడు, దాన్ని మీరితే కట్టాలన్న 20 లక్షలకూ బలం ఉండదు.

అయితే రెండు చోట్ల జాగ్రత్త. మీరు ఇదివరకే నడుపుతున్న క్లినిక్‌ని గుడ్‌విల్‌తో (దానికున్న మంచి పేరుతో) సహా ఆ ఆసుపత్రికి అమ్మి ఉంటే కథ వేరు, అలాంటి అమ్మకానికి 27వ సెక్షన్‌లోనే మినహాయింపు ఉంది. రెండోది నోటీస్ పీరియడ్. ఉద్యోగంలో ఉన్నంతకాలం వేరేచోట చేయొద్దనే షరతు చెల్లుతుందని 1967లోనే సుప్రీంకోర్టు తేల్చింది. కాబట్టి మూడు నెలల నోటీసు అని రాసి ఉంటే అవి పూర్తయ్యేదాకా క్లినిక్‌లో ఒక్క ఓపీ కూడా చూడకండి. ఇన్నేళ్లు చేస్తానని బాండ్ రాసి మధ్యలో మానేస్తే కట్టాల్సిన డబ్బు మళ్లీ వేరే సంగతి, ఒక బ్యాంకు ఉద్యోగి కేసులో 2 లక్షల బాండ్‌ని సుప్రీంకోర్టు 2025లో సమర్థించింది. మీ కాగితంలో అలాంటి బాండ్ కూడా ఉందేమో చూసుకోండి.

నోటీసుకి మాత్రం జవాబు ఇవ్వకుండా ఊరుకోకండి. నా దగ్గరికి వచ్చిన ఒక డాక్టరమ్మ ఇలాంటి ఉత్తరానికే భయపడి, అద్దెకు తీసుకున్న క్లినిక్‌కి నాలుగు నెలలు తాళం వేసుకుని అద్దె కట్టింది, ఆ మాట వింటుంటే నాకు బాధేసింది. లాయరు ద్వారా స్పీడ్ పోస్టులో జవాబు పంపండి: ఆ షరతు 27వ సెక్షన్ కింద చెల్లదు, నా సర్టిఫికెట్లు 15 రోజుల్లో తిరిగి ఇవ్వండి, లేదంటే కోర్టుకి వెళ్తాను. మీ సర్టిఫికెట్లు మీ ఆస్తి, వాటిని తాకట్టు వస్తువులా పట్టుకుని కూర్చునే హక్కు వాళ్లకి లేదు. ఇవ్వకపోతే వాటిని ఇప్పించమని, ఆ షరతు చెల్లదని ప్రకటించమని సివిల్ కోర్టులో ఒకే దావా వేయవచ్చు. చాలామంది నేరుగా హైకోర్టులో రిట్ (మామూలుగా ప్రభుత్వ సంస్థల మీద వేసే పిటిషన్) వేద్దామంటారు కానీ, ప్రైవేటు ఆసుపత్రితో ఉన్న కాంట్రాక్టు గొడవకి మామూలుగా రిట్ నడవదు.

ఈలోగా కేవియట్, అంటే నా మాట వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని కోర్టులో ముందే పెట్టుకునే అర్జీ, వేసేయండి. మీకు చెప్పకుండా వాళ్లు ఇంజంక్షన్ (ప్రాక్టీస్ ఆపమనే కోర్టు ఆర్డర్) తెచ్చుకోకుండా సివిల్ ప్రొసీజర్ కోడ్ 148ఎ కింద అది 90 రోజులు కాపాడుతుంది.

పేషెంట్ల విషయంలో మాత్రం తప్పు మీ వైపు ఉండకూడదు. ఆసుపత్రి కంప్యూటర్లోంచి ఫోన్ నంబర్లు తెచ్చుకుని మెసేజ్‌లు పెడితే మెడికల్ కౌన్సిల్‌కి ఫిర్యాదు వెళ్తుంది, అక్కడ మీ రిజిస్ట్రేషన్‌కే ఎసరు రావచ్చు. ప్రాక్టీస్ మొదలుపెట్టానని, అడ్రస్ మారిందని పేపర్లో ప్రకటన ఇవ్వడానికి 2002 నాటి వైద్య నైతిక నియమావళే ఒప్పుకుంటుంది. మీ చేత మోకాలి ఆపరేషన్ చేయించుకున్న పెద్దాయన తనంతట తాను వెతుక్కుంటూ వస్తే ఎవరూ ఆపలేరు.

మీరు పంపిన ఒప్పందం కాపీలో చివరి పేజీ లేదు. ఆర్బిట్రేషన్ క్లాజు (గొడవని కోర్టులో కాక మధ్యవర్తి దగ్గర తేల్చుకోవాలనే షరతు) ఉంటే అక్కడే ఉంటుంది, ఉంటే దావా దారి మారుతుంది కాబట్టి ముందు ఆ పేజీ ఫొటో తీసి పంపండి.