మిన్ అంటే అన్నిటికన్నా చిన్నది కాదా?

ప్రశ్న: సీ ప్లస్ ప్లస్ నేర్చుకుంటున్నాను. ఉష్ణోగ్రతల్లో గరిష్ఠం ఎంతో చెప్పే చిన్న ప్రోగ్రామ్ రాశాను. మొదట గరిష్ఠం వేరియబుల్‌లో న్యూమరిక్_లిమిట్స్ (ఒక్కో టైప్ హద్దులు చెప్పే లైబ్రరీ భాగం) నుంచి డబుల్, అంటే దశాంశ సంఖ్యల టైప్, మిన్ విలువ పెట్టాను. అన్నీ మైనస్ డిగ్రీలైతే జవాబు 2.22507ఈ-308 అని వస్తోంది. కంపైలర్‌లో ఏదైనా లోపమా అండీ?

జవాబు: పాపం, కంపైలర్‌నేమీ అనకండి. తిక్కంతా ఆ పేరులో ఉంది. పూర్ణ సంఖ్యల టైప్ అయిన మామూలు 32 బిట్ల ఇంట్‌ని మిన్ అడిగితే -2147483648 చెబుతుంది. డబుల్‌ని అడిగితే మాత్రం మైనస్ వైపు చూడనే చూడదు. కచ్చితత్వం తగ్గకుండా దాచుకోగల అతి చిన్న పాజిటివ్ సంఖ్యను చేతిలో పెడుతుంది. పాయింటు తర్వాత 307 సున్నాలు, ఆ తర్వాతే మొదటి 2. ఎంత చిన్నదైనా -5 కన్నా పెద్దదేగా! అందుకే మీ డిగ్రీల్లో ఒక్కటీ దాన్ని దాటలేదు.

మీకు కావలసింది లోయెస్ట్, మైనస్ వైపు చిట్టచివరి విలువ ఇచ్చేది. 2011 ప్రమాణంతో వచ్చింది. అంతకుముందు మ్యాక్స్‌కి మైనస్ తగిలించి నెట్టుకొచ్చేవాళ్లం. నన్నడిగితే రెండూ వద్దు. జాబితా ఖాళీగా లేదని చూసుకుని, మొదటి ఉష్ణోగ్రతతోనే మొదలుపెట్టండి.

ఇదే లైబ్రరీ నన్ను ఇంకో రకంగా ముంచింది. ఫిక్స్‌డ్ పాయింట్ లెక్కలకు (పాయింటు తర్వాత అంకెలెన్నో ముందే ఖాయం చేసుకునేవి) సొంత క్లాస్, అంటే సొంత టైప్, రాసుకున్నాను. విలువ హద్దు దాటిందా అని మ్యాక్స్‌తో పోల్చే ఒక్క లైను పెట్టాను. అంతే, 1 ఇచ్చినా ‘హద్దు దాటింది’ అంటుంది! రెండు రోజులు కూడిక కోడ్‌నే తవ్వాను, ఒకటే టెన్షన్. చివరికి మ్యాక్స్‌నే ప్రింట్ చేస్తే సున్నా. మన సొంత టైప్ గురించి దానికెవరూ చెప్పకపోతే, ఎర్రర్ ఇవ్వదు, వార్నింగ్ ఇవ్వదు, ఆ టైప్ డిఫాల్ట్ విలువను మౌనంగా తిప్పి పంపుతుంది. నా క్లాస్‌కి అది సున్నా. ‘ఈ టైప్ నీకు తెలుసా’ అని అడగడానికి ఈజ్_స్పెషలైజ్డ్ ఉంది. ఇప్పుడు దాన్ని కంపైల్ అయ్యేటప్పుడే షరతు చూసే స్టాటిక్_అసర్ట్‌లో పెట్టాకే మ్యాక్స్ జోలికి వెళ్తున్నాను. తెలియని టైప్ వస్తే కంపైల్ దగ్గరే ఆగిపోతుంది.

అన్నట్టు, వట్టి క్యార్‌లో (అక్షరాల టైప్) మైనస్ విలువలు దాస్తుంటే, మైనస్ పడుతుందా లేదా చెప్పే ఈజ్_సైన్డ్ కూడా ఒకసారి చూడండి. లినక్స్‌లో ఎక్స్86 ప్రాసెసర్ మీద జీసీసీ కంపైలర్ ‘అవును’ అంటుంది, ఆర్మ్ ప్రాసెసర్ మీద ‘కాదు’ అంటుంది.