మీరడిగారు: గ్రూపు కంపెనీల ఏడాది లెక్కలు

ప్ర: మా వైపు సిమెంటు ఫ్యాక్టరీ ఉన్న ఒక గ్రూపు ఈ ఏడాది సాధించినవి చెప్తూ పేపర్లో ఫుల్ పేజీ యాడ్ ఇచ్చింది. టర్నోవర్ రికార్డు, కెపాసిటీ బాగా పెరిగింది, కొత్త రంగాల్లోకి వస్తున్నాం అని ఉంది. మా ఇంట్లో ఆ కంపెనీ షేర్లు కొన్ని ఉన్నాయి, ఇంకొన్ని కొనమంటారా?
– ఒక పాఠకుడు, హుజూర్‌నగర్

జ: కొనమనీ అనను, వద్దనీ అనను. ఆ యాడ్ చూసి మాత్రం కొనకండి. టర్నోవర్ అంత పెద్ద అక్షరాల్లో వేశారు కదా, పక్కన లాభం ఎంత, అప్పు ఎంత అని ఉందేమో చూడండి, చాలా యాడ్‌లలో ఉండదు. పైగా గ్రూపు టర్నోవర్ అని అన్ని కంపెనీల అమ్మకాలూ ఊరికే కూడేస్తే, ఒక కంపెనీ సిమెంటును అదే గ్రూపులోని కన్‌స్ట్రక్షన్ కంపెనీ కొని ఫ్లాట్లు కట్టి అమ్మినప్పుడు ఆ బస్తా విలువ రెండుసార్లు లెక్కకొస్తుంది. కన్సాలిడేటెడ్ లెక్కల్లో, అంటే గ్రూపు కంపెనీలన్నిటినీ ఒకే కంపెనీలా చూపే లెక్కల్లో అయితే ఇలాంటివి తీసేస్తారు. కాబట్టి ఆ పేజీయే చూడాలి.

కెపాసిటీ ముచ్చట ఇంకా తమాషాగా ఉంటుంది. వాడపల్లి దగ్గర విష్ణుపురం ఫ్యాక్టరీనే తీసుకోండి, మొదట రాశి సిమెంట్, 1998లో ఇండియా సిమెంట్స్ చేతికి పోయింది, 2024 డిసెంబరులో ఇండియా సిమెంట్సే అల్ట్రాటెక్ కిందికి వచ్చింది. అదే ఏడాది ఆగస్టులో పెన్నా సిమెంట్ అదానీ వాళ్ల అంబుజా చేతికి పోయింది, దాంతో మన గణేశ్‌పహాడ్ ప్లాంటు కూడా అదానీ గ్రూపు లెక్కలో చేరింది. కొన్నవాళ్ల పుస్తకంలో కెపాసిటీ ఒక్క రోజులో లక్షల టన్నులు పెరుగుతుంది, ఇక్కడ చూస్తే అదే కిల్న్ (సున్నపురాయిని కాల్చే కొలిమి), అవే సున్నపురాయి గనులు, అవే లారీలు. అందులో తప్పేం లేదు, అదీ వ్యాపారమే, కానీ దాన్నీ కొత్తగా కట్టిన ప్లాంటునీ ఒకే గాటన కట్టి విస్తరణ అంటే ఎలా? కెపాసిటీ అంటే తయారు చేయగలిగింది, చేసింది కాదు అనేది కూడా గుర్తుంచుకోండి, దక్షిణాదిలో సిమెంటు ప్లాంట్లు పూర్తి కెపాసిటీతో నడవక చాలా ఏళ్లయింది.

మీరు షేర్‌హోల్డర్ కదా, యాన్యువల్ రిపోర్ట్ అడిగి తెప్పించుకోండి. మార్చితో ఏడాది ముగిసే కంపెనీలు మామూలుగా సెప్టెంబరు నెలాఖరులోపు వార్షిక సమావేశం పెట్టాలి, దానికి ముందే రిపోర్ట్ వస్తుంది. బ్యాలెన్స్ షీట్‌లో క్యాపిటల్ వర్క్ ఇన్ ప్రోగ్రెస్ అని ఒక లైను ఉంటుంది, కడుతూ ఉండి ఇంకా పూర్తికాని వాటి మీద పెట్టిన డబ్బు అది. వెనక నోట్స్‌లో ఏడాదిలోపుది ఎంత, మూడేళ్లు దాటింది ఎంత అని గడులు గీసి చూపించాలి, ఇది ఇప్పుడు తప్పనిసరి. యాడ్‌లో మూడు ప్లాంట్లు వస్తున్నాయని ఉండి ఇక్కడ అంకె కదలకపోతే ఇంకా పార కూడా పడలేదేమో అని అనుమానించాలి. మూడేళ్లు దాటిన గడిలో పెద్ద మొత్తం ఉంటే ఎక్కడో పని ఆగిపోయిందేమో అడగండి, సమావేశంలో అడిగే హక్కు మీకుంది.

ప్ర: దివిటిపల్లి బ్యాటరీ ఫ్యాక్టరీలో వేల ఉద్యోగాలు అన్నారు. మా బ్యాచ్‌లో అందరూ దాని కోసమే చూస్తున్నారు. ఎప్పటికి వస్తాయి?
– డిగ్రీ విద్యార్థి, జడ్చర్ల

జ: తమ్ముడూ, దాని కోసమే కూర్చోకు. అమరరాజా వాళ్లు అక్కడ చెప్పిన 9,500 కోట్లు పదేళ్లలో పెట్టే మొత్తం. 16 గిగావాట్ అవర్ సెల్స్, 5 గిగావాట్ అవర్ ప్యాక్‌లు (గిగావాట్ అవర్ అంటే బ్యాటరీల్లో పట్టే కరెంటు కొలత) కూడా చివరికి చేరాల్సిన లెక్కే. శంకుస్థాపన 2023 మేలో జరిగింది. అందరూ పదేళ్ల అంకెని ఈ ఏడాది అంకెలా చదివేస్తున్నారు, బోరు వేయకముందే వడ్ల రేటు మాట్లాడుకున్నట్టు.

ప్యాక్ వేరు, సెల్ వేరు అనేది కూడా తెలుసుకో. సెల్ అంటే కరెంటు దాచుకునే ఒక్కో చిన్న బ్యాటరీ. ప్యాక్ అంటే తయారైన సెల్స్ తెచ్చి, కలిపి, సర్క్యూట్ పెట్టి పెట్టెలో బిగించడం, అది ముందు మొదలవుతుంది. సెల్ తయారీ అలా కాదు, తేమ దాదాపు లేని గదులు కావాలి, యంత్రాలు సెట్ చేసి రిజెక్ట్‌లు తగ్గించుకునేసరికే చాలా కాలం పడుతుంది, కొనేవాళ్లు పరీక్షలు చేసి ఓకే అన్నాకే ఆర్డర్లు. ఇదే గ్రూపు ఎన్నో ఏళ్లుగా లెడ్ యాసిడ్ బ్యాటరీలు చేసిందే, అయినా లిథియం కొత్త పనే. కెమిస్ట్రీ, ఎలక్ట్రికల్ డిప్లొమా, ఐటీఐ వాళ్లకు అవకాశం ఎక్కువ, ఉత్త డిగ్రీతో సూపర్‌వైజర్ అయిపోతామనుకుంటే కష్టం. ఇంటర్వ్యూకి పోతే పర్మనెంటా, కాంట్రాక్టర్ కిందా అని అడుగు, మొహమాటపడకు.

ప్ర: కంపెనీ వాళ్లు మా బడికి రంగులేసి సీఎస్ఆర్ అంటున్నారు. ఎంత పెట్టాలని రూల్?
– ఒక టీచర్, మేళ్లచెర్వు

జ: సీఎస్ఆర్ అంటే కంపెనీ తన లాభంలోంచి సమాజం కోసం పెట్టాల్సిన ఖర్చు. గడిచిన మూడేళ్ల సగటు నికర లాభంలో కనీసం 2 శాతం. నెట్‌వర్త్ (ఆస్తుల్లోంచి అప్పులు తీసేస్తే మిగిలేది) 500 కోట్లు, టర్నోవర్ 1,000 కోట్లు, నికర లాభం 5 కోట్లు, వీటిలో ఏ ఒక్కటి దాటినా వర్తిస్తుంది. గ్రూపు మొత్తానికి కాదు, ఏ కంపెనీ లెక్క ఆ కంపెనీదే. తమ ప్లాంటు ఉన్న చుట్టుపక్కల ఊళ్లకు మొదటి ప్రాధాన్యం ఇవ్వాలని చట్టంలోనే ఉంది. మీది సున్నపురాయి గనుల ప్రాంతం కాబట్టి జిల్లా మినరల్ ఫౌండేషన్ (గనుల వల్ల ఇబ్బందిపడే ఊళ్ల కోసం పెట్టిన నిధి) డబ్బు వేరే ఉంటుంది, రాయల్టీకి అదనంగా పాత లీజుల వాళ్లు అందులో 30 శాతం, వేలంలో వచ్చిన లీజుల వాళ్లు 10 శాతం కట్టాలి. అది దానం కాదు. కలెక్టరేట్‌లో అర్జీ పెట్టండి, రంగుల కన్నా ముందు బాత్రూమ్‌లు అడగండి.

ప్ర: సిమెంటు చేసేవాళ్లకు చక్కెర ఎందుకు, తలుపులు ఎందుకు?
– హార్డ్‌వేర్ షాపు ఓనర్, కోదాడ

జ: వానాకాలం సిమెంటు ఎంత తక్కువ అమ్ముడుపోతుందో నాకన్నా మీకే తెలుసు, అందుకే ఇంకో వ్యాపారం కూడా చూసుకుంటారు. మట్టపల్లిలో సిమెంటు చేసే ఎన్‌సీఎల్ వాళ్లు సిమెంటు బోర్డులు, రెడీమిక్స్, తలుపుల్లోకి వెళ్లారు, అదే కస్టమర్, అదే ఇల్లు, అర్థమవుతుంది. కాకతీయ సిమెంట్ పేరులోనే షుగర్ ఉంది, చక్కెరకీ సిమెంటుకీ సంబంధం లేదు, ఒకటి దెబ్బతింటే రెండోది ఆదుకుంటుందన్న లెక్క. రెండూ ఒకే ఏడాది దెబ్బతింటే మాత్రం బ్యాంకుకి పోవాల్సిందే.