నాలుగో పేజీలోని అల: ఒక యువ రచయిత్రికి లేఖ

చిరంజీవికి ఆశీస్సులు.

యమాటో అనే జపాను బ్యాటిల్‌షిప్ (పెద్ద ఫిరంగుల యుద్ధనౌక) మీద మీరు రాసి పంపిన వ్యాసం నాకు చేరి మూడు వారాలయింది. మొదటిసారి చదవడం మొదలుపెట్టినప్పుడు రెండో పేజీ దగ్గరే చిరాకు పుట్టి పక్కన పెట్టేశాను. నిన్న మళ్ళీ తీసి చివరిదాకా చదివితే, నాలుగో పేజీలో కుండలీకరణాల మధ్య మీరు ఇరికించిన ఒక వాక్యం దగ్గర కళ్ళద్దాలు తీసి కాసేపు ఊరికే కూర్చుండిపోయాను. ఆ వాక్యం సంగతి తరువాత చెబుతాను. ముందు చిరాకు సంగతి.

మీ పట్టికలో యమాటో 72,800 టన్నులు, అమెరికా ఓడ అయోవా 57,540 టన్నులు, జర్మనీ ఓడ బిస్మార్క్ 41,700 టన్నులు అని వరుసగా ఉన్నాయి. విడివిడిగా చూస్తే ఏ అంకే తప్పు కాదు. పక్కపక్కన పెట్టేసరికి పట్టిక మొత్తం తప్పయింది. మొదటి రెండూ ఇంధనం, నీళ్ళు, మందుగుండు అన్నీ నింపుకొన్న ఓడల బరువులు. మూడోది ఇంధనాన్ని మినహాయించి కట్టిన 'స్టాండర్డ్' లెక్క. బిస్మార్క్‌ను కూడా నిండుగా నింపి తూస్తే 50,300 టన్నులు. పైగా అయోవాది 1,016 కిలోల పాత ఇంగ్లీషు టన్ను, మిగిలిన రెండింటివీ వెయ్యి కిలోల మెట్రిక్ టన్నులు. కొట్లో ఒక సరుకును గోనెసంచితో సహా తూచి, మరొకదాన్ని సంచి విప్పి తూచి, రెండింటికీ ఒకే ధర చెబితే మీ అమ్మగారు ఊరుకుంటారా?

ఈ 'స్టాండర్డ్' లెక్క 1922 నాటి వాషింగ్టన్ ఒప్పందంతో వచ్చింది. కొత్తగా కట్టే ఒక్కొక్క బ్యాటిల్‌షిప్ 35,000 టన్నులు దాటకూడదని దేశాలు ఒప్పుకొన్నాయి కానీ, ఇంధనాన్నీ బాయిలర్లకు నిల్వ ఉంచే నీళ్ళనూ ఆ తూకంలోంచి తప్పించాయి. తరువాత జర్మనీ తన బిస్మార్క్‌ను కూడా 35,000 టన్నుల ఓడ అనే లోకానికి చెప్పింది. జపాను మరో అడుగు వేసి, యమాటో మీది 46 సెంటీమీటర్ల (గొట్టం నోటి వెడల్పు) ఫిరంగికి కాగితాల మీద '40 సెంటీమీటర్ల ఫిరంగి' అని పేరు పెట్టింది. బరువుల గురించీ కొలతల గురించీ ప్రభుత్వాలే అబద్ధాలాడిన కాలమది. ఆ కాలపు అంకెను 'నువ్వెక్కడి నుంచి వచ్చావు' అని నిలదీయకుండా పట్టికలో కూర్చోబెడితే ఎట్లాగమ్మా?

నలభై ఏళ్ళుగా నేను పట్టుకొని వేలాడుతున్న మాట ఒకటుంది, మా ఇంట్లో వాళ్ళు కూడా దానితో విసిగిపోయారు. బ్యాటిల్‌షిప్ అంటే బరువుల బేరం. ఫిరంగికిచ్చిన టన్ను కవచానికి దక్కదు. కవచానికిచ్చింది వేగానికి దక్కదు. అందువల్ల ఒక అంకెను రాసినప్పుడు, అది దేని నోటి దగ్గరి కూడు లాక్కుందో కూడా రాయాలి. 1927లో వచ్చిన బ్రిటిష్ ఓడ నెల్సన్‌ను చూడండి. 35,000 టన్నుల హద్దులోనే 16 అంగుళాల ఫిరంగులు తొమ్మిది మోయాలి కనుక, కవచం కప్పవలసిన పొడవు తగ్గించడానికి మూడు టరెట్లనూ (ఫిరంగులను మోస్తూ తిరిగే ఉక్కు గూళ్ళు) ముందుభాగానికే నెట్టారు. చూడ్డానికి ఎవరో వెనకభాగం కోసుకుపోయిన ఓడలా ఉంటుంది. అంత చేసినా వేగం 23 నాట్లే, అంటే గంటకు 23 సముద్రపు మైళ్ళే. మీరు నెల్సన్‌కు ఇచ్చింది ఒకే ఒక్క విశేషణం: 'వికారమైన'. ఆ వికారమంతా లెక్కలోంచి పుట్టిందే.

నాట్లంటే గుర్తొచ్చింది. నా తొలి వ్యాసం హుడ్ అనే బ్రిటిష్ యుద్ధనౌక మునక మీద. ఒక వారపత్రికకు ఇస్తే, అక్కడ కంపోజింగు చేసే కుర్రవాడు, గోదావరి జిల్లా రైతుబిడ్డ, "సముద్రంలో నాట్లేమిటండీ, వరి వేస్తారా?" అని అడిగాడు. అతను అడిగాడు కనుక బాగుపడ్డాడు. సంపాదకుడు అడగలేదు, నాట్లన్నిటినీ మైళ్ళుగా మార్చి, అంకెలను మాత్రం అట్లాగే ఉంచేశాడు. అంతటితో ఆగక 15 అంగుళాల ఫిరంగులను 15 అడుగుల ఫిరంగులు చేశాడు. పత్రిక వచ్చిన వారానికి ఒక రిటైర్డ్ నావికుడు కార్డు రాశాడు: "అయ్యా, మీ ఫిరంగి గొట్టంలో మా సంసారం కాపురం పెట్టవచ్చు, అద్దె ఎంత?" ఆ కార్డు ఇప్పటికీ నా దగ్గర ఉంది. సంపాదకుణ్ణి అడిగితే, అంకెలు పాఠకులకు పట్టవని తేల్చేశాడు. హుడ్ డెక్కు కవచం అత్యంత మందమైన చోట కూడా 3 అంగుళాలేనన్న వాక్యాన్ని ఆయన ముందే కొట్టేశాడు. ఆ వ్యాసం నేను రాసిందే ఆ 3 అంగుళాల కోసం.

ఎందుకంటే పట్టికలో హుడ్, బిస్మార్క్ సమఉజ్జీలు. చెరి ఎనిమిది ఫిరంగులు. ఒకరివి 15 అంగుళాలు, మరొకరివి 38 సెంటీమీటర్లు, అంటే ఒక మిల్లీమీటరు తేడా. పక్క కవచమూ రెండింటికీ దాదాపు 12 అంగుళాలే. కానీ హుడ్‌ను కట్టడం మొదలుపెట్టింది 1916లో. దూరం నుంచి పైకి లేచి డెక్కు మీద పడే గుండు ఎంత ప్రమాదమో ఆ తరువాతే పూర్తిగా తలకెక్కింది. 1941లో చేయవలసిన పెద్ద మరమ్మతు యుద్ధం వల్ల జరగలేదు. ఆ ఏడాది మే 24న బిస్మార్క్ గుండ్లు తగిలి, మందుగుండు గది పేలి, నిమిషాల్లో ఓడ రెండు ముక్కలైంది. ఉన్న 1,418 మందిలో ముగ్గురు మిగిలారు. మీరు దీన్ని 'విధి' అన్నారు. విధి మీద అంత తొందరగా భారం వేయకండి.

ఇక యమాటో. టరెట్టు ముఖం మీది 650 మిల్లీమీటర్ల కవచాన్ని 'ఛేదించలేనిది' అని రాశారు. యమాటోకు తోబుట్టువైన షినానో అనే ఓడ కోసం తయారైన అటువంటి పలక ఒకటి యుద్ధం తరువాత అమెరికా చేతికి చిక్కింది. 1946లో అమెరికా నౌకాదళం ఫిరంగులు పరీక్షించే డాల్‌గ్రెన్‌లో 16 అంగుళాల ఫిరంగితో దాన్ని కొట్టి చూస్తే రంధ్రం పడింది. నిజమే, అది యుద్ధంలో ఎదురుకాని దగ్గరితనంతో, పలకకు ఎదురుగా నిలిచి కొట్టిన దెబ్బ. అయినా రంధ్రం రంధ్రమే. అదే పేజీలో పక్క కవచం 410 మిల్లీమీటర్లని రాసి, అది 20 డిగ్రీలు వాలుగా ఉందన్న సంగతి వదిలేశారు. వాలు వల్ల, పలక మందం పెంచకుండానే, వచ్చే గుండుకు ఎదురయ్యే మందం పెరుగుతుంది. బేరం తెలిసినవాడి పని అది. ఈ భారమంతా ఓడ నడిమి భాగానికే తొడిగి, ముక్కునూ తోకనూ దాదాపు వట్టివిగా వదిలేశారన్నది మీ వ్యాసంలో ఎక్కడా లేదు.

అయోవా ఎందుకు సన్నగా ఉందన్నది మీ ప్రశ్నలలో ఒకటి. అట్లాంటిక్, పసిఫిక్ మధ్య అమెరికా ఓడలు దాటవలసిన పనామా కాలువ లాకుల వెడల్పు అప్పట్లో 33.5 మీటర్లు, అయోవాది దాదాపు 33. యమాటోకు ఆ ఇరుకు లేదు కనుక 38.9 మీటర్లు విస్తరించింది. అమెరికావాళ్ళు కాలువను వదులుకుంటే తప్ప అంత ఓడ కట్టలేరన్నది జపాను లెక్క. అయోవాకు మాత్రం 33 నాట్ల వేగం దక్కింది, యమాటో 27 దగ్గరే ఆగింది.

ఇప్పుడొచ్చిన మరో జబ్బు ఏనుగులు. గుండు బరువు 1,460 కిలోలని చెప్పి ఊరుకోక, అరఏనుగనో మూడు గేదెలనో రాయకపోతే ఎవరికీ తృప్తి లేదు. మీరూ రాశారు. నేను బరువు నేర్చుకున్నది ఏనుగుల దగ్గర కాదు, విశాఖ రేవులో. 1970లలో, జపానుకు పోయే ఇనుప ఖనిజం ఓడలోకి పోస్తుంటే చూడ్డానికి వెళ్ళాను. ఓడ ముక్కు పక్కన నిలువుగా తెల్లరంగుతో అంకెలు రాసి ఉంటాయి. ఎర్రటి ధూళి మధ్య ఖనిజం పడుతున్నకొద్దీ ఆ అంకెలు ఒక్కొక్కటే నీళ్ళ కిందికి దిగిపోతున్నాయి. పడవలో వచ్చిన సర్వేయరు, అల ఎగిసినప్పుడు ఒకసారీ, దిగినప్పుడు ఒకసారీ చూసి, మధ్య అంకె పుస్తకంలో రాసుకున్నాడు. ఎన్ని వేల టన్నులు ఎక్కించారో లెక్క తేలేది ఆ అంకెల మీదనే. ఓడ బరువంటే అది పక్కకు నెట్టిన నీళ్ళ బరువేనని బళ్ళో చదివాను. నమ్మింది ఆ మధ్యాహ్నం.

అందుకే మీ నాలుగో పేజీ వాక్యం నన్ను పట్టుకుంది. 1940 నవంబరు 1న నాగసాకిలో యమాటోకు జంట ఓడ ముసాషిని నీళ్ళలోకి వదిలినప్పుడు 120 సెంటీమీటర్ల అల లేచి, రేవు దాటి నదుల్లోకి ఎక్కి, ఇళ్ళలోకి నీళ్ళు తెచ్చి, చిన్న చేపల పడవలను బోల్తా కొట్టింది. రహస్యం బయటపడకుండా అంతకుముందు తాళ్ళతో అల్లిన తెరలు ఓడ చుట్టూ వేలాడదీశారు. ఆ రోజు విమానదాడి కసరత్తు పేరుతో ఊరి జనాన్ని ఇళ్ళలోనే ఉంచారు. ఓడను చూడకూడని మనుషుల గడపల్లోకి ఓడ బరువు నీళ్ళై వచ్చింది. అప్పటికింకా టరెట్లు బిగించలేదు. ఒక్కొక్కటి సుమారు 2,500 టన్నులు, ఆనాటి డిస్ట్రాయరు అనే చిన్న యుద్ధనౌక కన్నా బరువు; వాటిని కూరే నుంచి మోసుకురావడానికి కాషినో అనే ఓడను ప్రత్యేకంగా కట్టవలసి వచ్చింది. ఇంత ఉన్న చోటును కుండలీకరణాల్లో పెట్టి, వ్యాసాన్ని 'సముద్ర రాక్షసి' అని మొదలుపెట్టారు.

బ్యాటిల్‌షిప్పుల కాలం ఎందుకు ముగిసిందో మీరు రెండు పేజీలు రాశారు. రెండు వాక్యాలు చాలు. ముసాషిని 1944 అక్టోబరు 24న, యమాటోను 1945 ఏప్రిల్ 7న విమానాలే ముంచాయి. మా విశాఖ మీద 1942 ఏప్రిల్ 6న బాంబులు వేసినవీ ర్యూజో అనే చిన్న విమానవాహక నౌక నుంచి లేచిన విమానాలే, ఏ 46 సెంటీమీటర్ల ఫిరంగీ కాదు.

వ్యాసాన్ని నాగసాకి ఇళ్ళ నుంచి మొదలుపెట్టి మళ్ళీ రాయండి. ప్రతి టన్ను పక్కన అది ఏ టన్నో, ఓడ నిండి ఉన్నప్పటిదో కాదో రాయండి. 'భారీ' అనే మాట పదకొండు చోట్ల వచ్చింది, అన్నిటి కిందా గీత గీశాను. మీ కాగితాలు ఈ లేఖతో పాటే తిప్పి పంపుతున్నాను. పట్టిక ఉన్న పేజీని మాత్రం, ఏ సంపాదకుడి కంటా పడకుండా, నా దగ్గరే ఉంచుకున్నాను.